బెయిల్ వచ్చిందంటే కేసు పోయినట్టేనా?

"వాడు ఊళ్లెకొచ్చిండు మేడం. మా ఇంటి ముంగటికెళ్లే పోతుండు. కేసు కొట్టేసిన్రా?"

దేవరకొండ అవతల ఒక తండా నుంచి పొద్దున్నే మొదటి బస్సెక్కి నల్గొండ కోర్టుకు వచ్చిన తల్లి నన్ను అడిగిన మాట ఇది. పదకొండేళ్ల బిడ్డ. నిందితుడు అదే తండావాడు, వాళ్ల ఇంటికి నాలుగిళ్ల అవతల ఉంటాడు. రెండున్నర నెలలు జైల్లో ఉండి బెయిల్ మీద బయటికి వచ్చాడు. ఆ సంగతి ఆమెకు పోలీసులు చెప్పలేదు, కోర్టు చెప్పలేదు. చేతిపంపు దగ్గర వాణ్ని చూసి బిడ్డ బిందె అక్కడే వదిలేసి ఇంట్లోకి ఉరికితే అప్పుడు తెలిసింది.

బిడ్డ పేరు, తండా పేరు రాయను. పిల్లలను లైంగిక నేరాల నుంచి కాపాడే పోక్సో చట్టం 23వ సెక్షన్ రాయనివ్వదు, రాయాలని నాకూ లేదు. గుర్తుపట్టే వివరాలు కొన్ని మార్చాను. కానీ ఆ తల్లి అడిగిన ప్రశ్న మాత్రం నేను ఎన్నిసార్లు విన్నానో లెక్క లేదు. మిర్యాలగూడ వాళ్లు అడిగారు, అచ్చంపేట నుంచి వచ్చినవాళ్లు అడిగారు. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

ముందు ఆమె ప్రశ్నకు జవాబు. కేసు ఎక్కడికీ పోలేదు. బెయిల్ ఇచ్చేటప్పుడు జడ్జి "నువ్వు తప్పు చేయలేదు" అని చెప్పడు. కేసు నడిచే రోజుల్లో ఈ మనిషి జైల్లోనే ఉండాలా, షరతుల మీద బయట ఉండొచ్చా అన్నదొక్కటే తేలుస్తాడు. సాక్ష్యాలన్నీ విన్నాక వచ్చే తీర్పు వేరు. 1977లో గుడికంటి నరసింహులు కేసు ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ నుంచే సుప్రీంకోర్టుకు పోయింది. అందులో జస్టిస్ కృష్ణయ్యర్ చెప్పిన సూత్రం ఇప్పటికీ చెల్లుతుంది: బెయిల్ నిరాకరించడం శిక్ష వేయడానికి కాదు, న్యాయం సరిగ్గా జరగడానికి. ఆ న్యాయం నిందితుడికీ జరగాలి, సమాజానికీ జరగాలి.

ఇది విని చాలామందికి ఒళ్లు మండుతుంది. పసిబిడ్డ మీద చెయ్యేసినవాడికి న్యాయమేంటని అడుగుతారు. వాడే చేశాడని తేలితే చట్టం ఏమాత్రం మెత్తగా లేదు. 2019 సవరణ తర్వాత పోక్సోలో ప్రవేశంతో కూడిన లైంగిక దాడికి కనీస శిక్ష పదేళ్లు, బాధితురాలికి పదహారేళ్లు నిండకపోతే ఇరవై ఏళ్లు. తీవ్రమైన కేసుల్లో మరణశిక్ష దాకా ఉంది. కానీ వాడే చేశాడని తేలాలి కదా. తేలకముందే ఏళ్ల తరబడి లోపల పెట్టి, చివరికి నిర్దోషి అని తేలితే పోయిన ఆ ఏళ్లు ఎవరూ తెచ్చివ్వలేరు. నేను పిల్లల తరఫున నిలబడే మనిషిని, అయినా ఈ మాట మనసులో పెట్టుకునే కోర్టులోకి పోతాను.

చాలామంది లాయర్లు కూడా పొరపడే విషయం ఒకటుంది. పోక్సో అంటే బెయిల్ రానే రాదని అనుకుంటారు. అది నిజం కాదు. గంజాయి కేసులో సరుకు వాణిజ్య పరిమాణంలో దొరికితే, ఈ మనిషి నేరం చేయలేదని నమ్మడానికి ఆధారం కనిపిస్తే తప్ప బెయిల్ ఇవ్వొద్దని ఎన్‌డీపీఎస్ చట్టం 37వ సెక్షన్ కోర్టు చేతులు కట్టేస్తుంది. పోక్సోలో అలాంటి సెక్షన్ లేదు. 31వ సెక్షన్ ప్రకారం ప్రత్యేక కోర్టుకు కూడా మామూలు బెయిల్ నిబంధనలే వర్తిస్తాయి. ఆ నిబంధనలు ఇదివరకు పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ)లో ఉండేవి. 2024 జూలై 1 నుంచి భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో, అందరూ బీఎన్ఎస్ఎస్ అంటున్న చట్టంలో ఉన్నాయి.

మరి 29వ సెక్షన్ సంగతేంటి అని అడుగుతారు. కొన్ని పోక్సో నేరాల్లో నిందితుడే నేరం చేశాడని కోర్టు ముందుగా అనుకోవాలని, కాదని రుజువు చేసుకునే బాధ్యత అతనిదేనని ఆ సెక్షన్ చెబుతుంది. ప్రభుత్వం తరఫున వాదించే పీపీలు (పబ్లిక్ ప్రాసిక్యూటర్లు) బెయిల్ వాదనలో మొదట ఎత్తేది దీన్నే. 2020లో ధర్మేందర్ సింగ్ కేసులో ఢిల్లీ హైకోర్టు దీన్ని విడమరిచింది. ఈ భావన విచారణకు సంబంధించినది కాబట్టి, అభియోగాలు నమోదయ్యాకే దాని బరువు లెక్కలోకి వస్తుందని చెప్పింది. నిందితుడి ముందు ఇంకా ఏ అభియోగమూ పెట్టకుండా, కాదని రుజువు చెయ్యమంటే దేన్ని చేస్తాడు? ఈ తర్కం నాకు సబబుగానే అనిపిస్తుంది. 29వ సెక్షన్ ఒక్కదాన్నే పట్టుకుని వాదించిన పీపీ, ఆ బిడ్డకు ఉన్న అసలు ప్రమాదం గురించి చెప్పడం మరిచిపోతే నష్టం బిడ్డకే.

బెయిల్‌కు దారులు మూడు. మొదటిది అరెస్టు కాకముందే అడిగే ముందస్తు బెయిల్. పదహారేళ్లలోపు బాలికపై అత్యాచారం, పద్దెనిమిదేళ్లలోపు బాలికపై సామూహిక అత్యాచారం కేసుల్లో ఈ దారి మూసేశారు. బీఎన్ఎస్ఎస్ 482వ సెక్షన్ నాలుగో ఉపసెక్షన్ చూస్తే తెలుస్తుంది. కానీ దాన్ని జాగ్రత్తగా చదవాలి. అక్కడ రాసింది ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహితలోని 65వ సెక్షన్, 70వ సెక్షన్ రెండో భాగం గురించి మాత్రమే. ఆ రెండూ ఆడపిల్లల గురించే. పోక్సో మగపిల్లలనూ కాపాడుతుంది, కానీ ముందస్తు బెయిల్ మీద పెట్టిన ఈ నిషేధం మగపిల్లాడి కేసుకు అక్షరాలా వర్తించదు. హాస్టల్లో ఓ అబ్బాయికి జరగరానిది జరిగితే నిందితుడు అరెస్టుకు ముందే బెయిల్ అడగొచ్చు. ఇది చట్టంలో పెద్ద లోటు. సరిచేయాల్సిందే.

రెండోది డిఫాల్ట్ బెయిల్. ఇందులో కేసు ఎంత ఘోరమైనదన్న ప్రశ్నే రాదు. మొదటి రిమాండ్ రోజు నుంచి లెక్కేసి, పదేళ్లు, అంతకు మించి జైలు లేదా జీవిత ఖైదు, మరణశిక్ష పడగల నేరాల్లో 90 రోజులు, మిగతా వాటిలో 60 రోజులు. ఆ గడువులోపు పోలీసులు చార్జిషీట్ వేయకపోతే, నిందితుడు అడిగి షూరిటీ ఇచ్చుకుంటే కోర్టు వదలాల్సిందే. మా తండా బిడ్డ కేసు పోక్సో 10వ సెక్షన్ కింద, అంటే ప్రవేశం లేని తీవ్రమైన లైంగిక దాడిగా నమోదైంది. దానికి శిక్ష ఐదు నుంచి ఏడేళ్లు, కాబట్టి గడువు 60 రోజులే. ఈ తేడా తెలియక 90 రోజుల భరోసాతో కూర్చునేవాళ్లు ఉంటారు. ఎఫ్ఐఆర్ అయిన రెండు నెలల్లో ఇలాంటి కేసుల దర్యాప్తు ముగించాలని బీఎన్ఎస్ఎస్ చట్టమే 193వ సెక్షన్లో చెబుతోంది. ఫోరెన్సిక్ రిపోర్టు రాలేదని చార్జిషీట్ ఆపాల్సిన పని లేదు, అది వచ్చాక అనుబంధ చార్జిషీట్ వేయొచ్చు. కాబట్టి యాభై రోజులు దాటగానే కుటుంబం తరఫున ఎవరో ఒకరు స్టేషన్‌కు పోయి "చార్జిషీట్ ఎప్పుడేస్తారు సార్" అని అడగాలి. సిగ్గుపడొద్దు, భయపడొద్దు.

మూడోది మామూలు బెయిల్. ఎక్కువ కేసులు నడిచేది ఈ దారిలోనే. ముందు జిల్లాలోని ప్రత్యేక కోర్టు, అక్కడ రాకపోతే హైదరాబాద్‌లో హైకోర్టు. ఇక్కడే జడ్జి నిజంగా తూకం వేయాలి.

ఆ రోజు జడ్జి ముందు ఉండేవి కాగితాలే. ఎఫ్ఐఆర్, మెజిస్ట్రేట్ ముందు బిడ్డ ఇచ్చిన వాంగ్మూలం, మెడికల్ రిపోర్టు, వయసు రుజువు, కేసు డైరీ. సాక్షుల్ని పిలవరు, వాళ్లను ఎదురు ప్రశ్నలు వేసే క్రాస్ ఎగ్జామినేషన్ ఉండదు. ఎవరు నిజం చెబుతున్నారో తేల్చే పని ఆ రోజు చేయకూడదు. పైపైన చూస్తే కేసులో పస ఉందా, పడబోయే శిక్ష ఎంత, మనిషి పారిపోతాడా, మళ్లీ అలాంటి పని చేస్తాడా, సాక్షుల్ని బెదిరిస్తాడా అని చూస్తారు. 2010లో ప్రశాంత కుమార్ సర్కార్ కేసులో సుప్రీంకోర్టు వీటినే వరుసగా రాసింది. హత్య కేసైనా, దొంగతనం కేసైనా కొలతలు ఇవే.

పిల్లల కేసుల్లో వీటికి ఇంకొన్ని కలుస్తాయి. ఇందాక చెప్పిన ఢిల్లీ తీర్పు వాటిని బాగా పట్టుకుంది. బిడ్డ వయసెంత, నిందితుడి వయసెంత, ఇద్దరి మధ్య తేడా ఎంత. ఇద్దరూ ఒకే ఇంట్లో ఉంటారా, ఒకే వాడలో ఉంటారా. బంధువా. బెదిరింపు, దెబ్బలు ఉన్నాయా. ఒకసారి జరిగిందా, పదేపదే జరిగిందా. ఎఫ్ఐఆర్ తర్వాత అతని నడత ఎలా ఉంది. వీటిలో నాకు అన్నిటికన్నా ముఖ్యంగా కనిపించేది, కోర్టుల్లో అన్నిటికన్నా తక్కువగా వినిపించేది దూరం సంగతి. నేరం చేసినట్టు చెబుతున్న మనిషి ఇంటికీ బిడ్డ ఇంటికీ మధ్య ఎన్ని అడుగులు? బడికి పోయే బాట అతని గడప ముందు నుంచేనా? కేసు డైరీలో ఇది ఉండదు. పంచనామాలో సంఘటన స్థలం పటం ఉంటుంది తప్ప, బిడ్డ రోజూ తిరిగే బాటల పటం ఉండదు.

మన జిల్లాల్లో దీనికి ఇంకో ముఖం ఉంది. పనుల కోసం తల్లిదండ్రులు హైదరాబాద్‌కో పుణేకో పోతే పిల్లలు నాయనమ్మ దగ్గర ఉంటారు, లేదంటే గురుకులంలో, హాస్టల్లో ఉంటారు. నిందితుడు ఆ హాస్టల్ మనిషే అయితే, ఇల్లు ఎంత దూరమని అడగడం కన్నా అతను మళ్లీ అదే ఉద్యోగంలోకి పోతాడా అని అడగాలి. సస్పెండ్ చేశారా లేదా అన్నది బెయిల్ కోర్టుకు తెలియాలి. తోటి పిల్లలే సాక్షులు కాబట్టి, వాళ్ల అన్నం, వాళ్ల హాజరు, వాళ్ల మార్కులు అతని చేతిలో ఉంటే వాళ్లేం చెబుతారు? పోక్సో 5వ సెక్షన్ ఇలాంటి అధికారం చేతిలో ఉన్నవాళ్ల నేరాన్ని తీవ్రమైనదిగా లెక్కకట్టింది ఇందుకే.

ఇక పదిహేడేళ్ల అమ్మాయి, ఇరవై ఏళ్ల అబ్బాయి ఇష్టపడి ఇల్లు వదిలిపోయిన కేసులు. పోక్సో కింద వచ్చేవాటిలో ఇవి తక్కువేం కాదు. పద్దెనిమిది నిండని పిల్ల ఒప్పుకోలుకు చట్టంలో విలువ లేదు, కాబట్టి కేసు అవుతుంది. కానీ బెయిల్ దగ్గరికి వచ్చేసరికి, బలవంతం లేదని, భయపెట్టలేదని అమ్మాయే మెజిస్ట్రేట్‌కు చెప్పి ఉంటే కోర్టులు చాలాసార్లు అబ్బాయిని వదులుతాయి. తప్పేం లేదు. పదకొండేళ్ల పసిదాన్ని, నలభై ఏళ్ల పక్కింటివాణ్ని తూచిన తక్కెడలోనే వీళ్లనూ తూచితే అన్యాయం అవుతుంది. నిందితుడికే పద్దెనిమిది నిండకపోతే దారి పూర్తిగా వేరు. బాల న్యాయ చట్టం 12వ సెక్షన్ ప్రకారం అక్కడ బెయిల్ ఇవ్వడమే మామూలు, నిరాకరిస్తే కారణం రాయాలి.

విచారణ మొదలయ్యాక లెక్క మళ్లీ మారుతుంది. 2024 నవంబర్‌లో రాజస్థాన్ నుంచి వచ్చిన ఒక కేసులో సుప్రీంకోర్టు, అత్యాచారం, హత్య లాంటి కేసుల్లో విచారణ మొదలై సాక్షుల్ని పిలుస్తున్న దశలో మామూలుగా బెయిల్ జోలికి పోవద్దని చెప్పింది. బాధితురాలి సాక్ష్యంలో అక్కడొక మాట ఇక్కడొక మాట తేడా ఉందని చూపించి బెయిల్ తీసుకోవడాన్ని తప్పుపట్టింది. మరోపక్క, విచారణ ఏళ్లకేళ్లు సాగితే నిందితుడి వాదనకు బలం వస్తుంది. పోక్సో 35వ సెక్షన్ ప్రకారం కోర్టు కేసు తీసుకున్న ముప్పై రోజుల్లో బిడ్డ సాక్ష్యం, వీలైనంతవరకు ఏడాదిలో మొత్తం విచారణ పూర్తి కావాలి. చేస్తే అవుతుంది కూడా. 2019 ఏప్రిల్‌లో బయటపడ్డ హాజీపూర్ బాలికల అత్యాచారం, హత్యల కేసులో నల్గొండ కోర్టు 2020 ఫిబ్రవరిలో తీర్పు చెప్పింది. ఊరంతా, రాష్ట్రమంతా చూస్తున్న కేసు కాబట్టి అయింది. ఎవరూ చూడని తండా బిడ్డ కేసు వాయిదాల మీద వాయిదాలు పడుతుంది. బిడ్డ సాక్ష్యం తొందరగా అయిపోతే సగం టెన్షన్ తీరుతుంది, ఎందుకంటే ఆ తర్వాత బెదిరించి మార్చడానికి పెద్దగా మిగలదు.

ఇప్పుడు ఆ తల్లికి జరిగిన అన్యాయం దగ్గరికి వస్తాను. బెయిల్ వాదన జరిగిన రోజు ఆ కోర్టులో ఆమె లేదు, ఆమె తరఫున లాయర్ లేడు.

2022 ఏప్రిల్‌లో జగ్జీత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది: నేరం జరిగినప్పటి నుంచి ప్రతి దశలో తన మాట వినిపించే హక్కు బాధితులకు ఉంది, బెయిల్ దశలో కూడా. పదహారేళ్లలోపు బాలికపై అత్యాచారం కేసుల్లోనైతే ఫిర్యాదుదారు, లేదా వాళ్ల తరఫున ఒకరు బెయిల్ వాదన రోజు కోర్టులో ఉండటం బీఎన్ఎస్ఎస్ 483వ సెక్షన్ ప్రకారం తప్పనిసరి. 2020 పోక్సో నిబంధనలు ఇంకా ముందుకు పోయి, నిందితుడు జైల్లో ఉన్నాడా బయటికొచ్చాడా అన్నది బిడ్డకూ తల్లిదండ్రులకూ చెప్పే బాధ్యతను పోలీసుల మీద, కేసు నడిచినన్నాళ్లూ బిడ్డకు తోడుండే సహాయక వ్యక్తి మీద పెట్టాయి. నిందితుడి విడుదల సంగతి చేతిపంపు దగ్గర తెలియడం ఈ నిబంధనలకు విరుద్ధం.

బాధితురాలు దళితురాలో లంబాడా బిడ్డో అయి, నిందితుడు ఎస్సీ, ఎస్టీ కాకపోతే ఇంకో రక్షణ ఉంది. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కూడా కేసులో ఉంటే 15ఏ సెక్షన్ కింద బెయిల్‌కు ముందు కుటుంబానికి నోటీసు ఇవ్వాల్సిందే. ఇవ్వకుండా ఇచ్చిన బెయిల్ నిలవదని 2021లో హరిరాం భంభీ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. మా కేసులో ఇద్దరిదీ ఒకే తండా కాబట్టి ఆ చట్టం పనికిరాలేదు.

లాయర్ ఖర్చు ఎక్కడి నుంచి తేవాలని ప్రతి తల్లీ అడుగుతుంది. పోక్సో 40వ సెక్షన్ కింద బిడ్డ తరఫున సొంత లాయర్‌ను పెట్టుకోవచ్చు. స్తోమత లేకపోతే జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఇవ్వాలి. ఆడవాళ్లకు, పిల్లలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచితమే. 15100కు ఫోన్ చేసి అడగొచ్చు. పిల్లలకు ఏ ఆపద వచ్చినా 1098 ఉంది.

ఇంతలో ఊళ్లో పెద్దమనుషులు మొదలుపెడతారు. "ఎట్లాగూ బెయిల్ వచ్చింది, కేసు నిలవది, నాలుగు పైసలు తీసుకోని రాజీ పడండి" అంటారు. ఆ తల్లితో కూడా అన్నారు. ఈ మాటలో రెండు అబద్ధాలున్నాయి. బెయిల్ వచ్చినంత మాత్రాన కేసు నిలవదని కాదు. రాజీ పడితే కేసు పోతుందన్నదీ నిజం కాదు. 2024 నవంబర్‌లో రామ్‌జీ లాల్ బైర్వా కేసులో, ఒక టీచర్ మీద వచ్చిన పోక్సో కేసును రాజీ పేరుతో కొట్టేసిన హైకోర్టు ఉత్తర్వును సుప్రీంకోర్టు రద్దు చేసింది. పైగా నిందితుడి మనుషులు ఇలా ఇంటికి వచ్చి ఒత్తిడి చేస్తే, అదే బెయిల్ రద్దుకు కారణం అవుతుంది. ఎవరు వచ్చారు, ఏ రోజు, ఏమన్నారు, పక్కన ఎవరున్నారు అని రాసిపెట్టుకోవాలి. రాయడం రాకపోతే ఫోన్లో మాట్లాడి పెట్టుకున్నా చాలు.

బెయిల్ రద్దు తేలిక కాదు. ఇచ్చేటప్పుడే కోర్టు చూడాల్సినవి చూడలేదని పైకోర్టులో చూపించాలి, లేదంటే బయటికి వచ్చాక షరతు తప్పాడని చూపించాలి. అంతదాకా పోకుండా షరతుల్ని గట్టిచేయమని అడగడం చాలాసార్లు పనికొస్తుంది. షరతులు ఎలా ఉండాలో, ఎలా ఉండకూడదో 2021లో అపర్ణా భట్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆడమనిషి ఇంట్లో చొరబడి వేధించిన నిందితుడికి, రాఖీ పండుగ రోజు ఆమె ఇంటికే పోయి రాఖీ కట్టించుకోవాలని మధ్యప్రదేశ్ హైకోర్టు షరతు పెట్టింది. దాన్ని కొట్టేస్తూ, నిందితుడు బాధితురాలిని కలిసేలా ఏ షరతూ పెట్టొద్దని, బెయిల్ ఇస్తే ఆ సంగతి ఆమెకు వెంటనే చెప్పాలని ఆదేశించింది.

మా కేసులో ఉత్తర్వు తెప్పించి చూశాను. షరతులు మూడు: ప్రతి ఆదివారం స్టేషన్‌లో సంతకం, సాక్షుల్ని బెదిరించొద్దు, వాయిదాలకు రావాలి. నాలుగిళ్ల అవతల ఉంటాడన్న మాట అందులో ఎక్కడా లేదు. తెలిస్తే కదా రాసేది. తెలియజెప్పేవాళ్లు ఆ రోజు లేరు.

కోర్టు ఆవరణలో చెట్టు కింద కూర్చుని, ఆ ఉత్తర్వు జిరాక్స్ వెనకాల తండా గీయమన్నాను. "నాకు రాదు మేడం" అంది. పెన్ను చేతికిచ్చాక గీసింది. ఇల్లు, చేతిపంపు, సేవాలాల్ గుడి, బడి, మధ్యలో వాడి ఇల్లు. ఇంటి నుంచి బడికి గీసిన గీత వాడి గడప తగిలే పోయింది. ఆ కాగితాన్నే పిటిషన్‌కు జతచేశాను. జడ్జి దాన్ని చాలాసేపు చూశారు. పీపీ కూడా అడ్డుచెప్పలేదు. బిడ్డ సాక్ష్యం పూర్తయ్యేదాకా నిందితుడు ఆ గ్రామంలో అడుగుపెట్టకూడదని, వేరేచోట ఉండి ఆ చిరునామా స్టేషన్‌లో ఇవ్వాలని ఉత్తర్వు వచ్చింది.

సంబరంగా చదివి వినిపించాను. ఆమె విని, కాసేపాగి అడిగింది: "మరి అంగడి మేడం? ఆదివారం అంగడి మండలంల గదా అయితది. వాడు సంతకం పెట్టనీకి గూడ ఆడికే గదా వచ్చేది."

నాకు తట్టలేదు. మళ్లీ మెమో వేశాం. ఆ వారంలోనే ఉత్తర్వులో 'గ్రామం' అన్నచోట 'మండలం' అని మారింది, సంతకం వేరే మండలంలోని స్టేషన్‌కు, బుధవారానికి మారింది. తర్వాతి ఆదివారం సాయంత్రం ఆమె ఫోన్ చేసింది. బిడ్డను అంగడికి తీసుకుపోయానని, గాజులు కావాలంటే కొనిచ్చానని చెప్పింది. సాక్ష్యం ఎప్పుడుంటుందని అడిగింది. వచ్చే నెల అన్నాను.